నా చేతిరాతలో మూడు పేర్లు

పోయిన వారం అశోక్‌నగర్‌లోని మా పాత ఇంటికి రంగులు వేయిద్దామని వెళ్ళాను. గేటు దగ్గర పెయింటరుతో బేరమాడుతుంటే, మెడలో కార్డు వేలాడేసుకున్న కుర్రాడొకడు వచ్చి, "మేడం, నూట రెండేళ్ళ అవ్వ ఈ ఇంట్ల ఉన్నదా?" అని అడిగాడు. ఓటర్ల జాబితా సరిచూసే పని మీద తిరుగుతున్నాడట. మా వెనక వీధి హాస్టల్లోనే నాలుగేళ్ళు ఉండి చదివి ఉద్యోగం కొట్టానని అడక్కుండానే చెప్పాడు. "వందేళ్ళు దాటినోళ్ళు దొరికితే మా సార్లు ఇంటికొచ్చి శాలువ కప్పుతరు మేడం, పేపర్ల ఫోటో గూడ వస్తది," అన్నాడు ఆశగా. నాకు నవ్వొచ్చింది. మా వంశంలో నూట రెండేళ్ళు బతికే ఓపిక ఎవరికీ లేదు. కాగితం ఇలా ఇవ్వమని తీసుకుని చూశాను. మా ఇంటి నంబరు కింద మూడు పేర్లు, ఫోటోలు ఉండాల్సిన చోట మూడు ఖాళీ గళ్ళు. నవ్వు ఆగిపోయింది. పెయింటరును రేపు రమ్మని చెప్పి మెట్టు మీద కూర్చున్నాను.

ఆ పేర్లు ఇక్కడ రాయను. ఒకసారి రాశాను, అది చాలు. ఒకరు మేమంతా బీజీ అని పిలిచిన పెద్దామె. ఇంకొకరు ఆమె కొడుకు, మాకు సర్దార్జీ. మూడో ఆమె సర్దార్జీ భార్య. తొంభైల్లో మా మేడ మీది రెండు గదుల్లో కిరాయికి ఉన్నారు. పిల్లలు లేరు.

వాళ్ళ గురించి చెప్పాలంటే ముందు మా బాపు గురించి చెప్పాలి. బాపు ముషీరాబాద్‌లో సర్కారు బడి పంతులు. ఓటర్ల లిస్టు డ్యూటీ పడిందంటే మిగతా పంతుళ్ళకు ఒక్కసారిగా నడుం నొప్పులు, కళ్ళు తిరగడాలు మొదలయ్యేవి, డాక్టరు సర్టిఫికెట్లు పుట్టుకొచ్చేవి. మా బాపుకు మాత్రం అది పండగ. గుడ్డసంచి, అట్ట, రెండు పెన్నులు, గొడుగు సర్దుకుని అశోక్‌నగర్ సందులన్నీ ఇల్లిల్లూ తిరిగేవాడు. తాళం వేసున్న ఇంటికి మూడుసార్లు పోయేవాడు. "నా బ్లాకుల ఒక్క పేరు తప్పిపోలే," అనేది ఆయన జీవితంలో చెప్పుకున్న ఏకైక గొప్ప. కానీ ఆయన రాత ఆయనకే అర్థమయ్యేది కాదు. అందుకని సాయంత్రం పూట ఆయన తెచ్చిన కాగితాలన్నీ గుండ్రటి అక్షరాలతో సాఫుగా ఎత్తి రాసే పని నాది. నేనప్పుడు నారాయణగూడలో డిగ్రీ చదువుతున్నాను. కూలి కింద చిక్కడపల్లి నుంచి మిరపకాయ బజ్జీలు వచ్చేవి. పేరు, తండ్రి పేరు లేదా భర్త పేరు, వయసు. ఆ మూడు గళ్ళల్లో మనుషులు ఒద్దికగా ఇమిడిపోతుంటే నాకు భలే సంతోషంగా ఉండేది.

సర్దార్జీకి నారాయణగూడ చౌరస్తా దగ్గర ఒక సందులో మోటర్ వైండింగ్ దుకాణం. కాలిపోయిన ఫ్యాన్లకు, బోరు మోటర్లకు కొత్త రాగి తీగ చుట్టి ఇచ్చేవాడు. మెట్లెక్కి వస్తుంటే వార్నిష్ వాసన ఆయనకంటే ముందు వచ్చేది. చుట్టుపక్కల నేర్చిన తెలుగు, పుట్టుకతో వచ్చిన పంజాబీ, మధ్యలో మా హైదరాబాద్ ఉర్దూ కలిపి ఏదో ఒక భాష మాట్లాడేవాడు, అందరికీ అర్థమయ్యేది. ఆదివారం పొద్దున తలంటుకుని ఎండకు వీపు పెట్టి మేడ మీద కూర్చునేవాడు. మొదటిసారి బట్టలు ఆరేయడానికి పైకి వెళ్ళిన అమ్మ, నడుం దాకా ఉన్న ఆ జుట్టు చూసి, ఎవరో ఆడమనిషి అనుకుని, "ఏ నూనె పెడ్తవమ్మా?" అని వెనక నుంచి అడిగిందట. ఆయన గడ్డంతో సహా ఇటు తిరిగేసరికి బట్టల బకెట్ అక్కడే వదిలేసి కిందికి వచ్చేసింది. తర్వాత రెండేళ్ళ పాటు ఆ మాట తలుచుకుని బీజీ పొట్ట పట్టుకుని నవ్వేది.

నవ్వించేవాళ్ళు ఇంకా ఉండేవారు. మధ్యాహ్నం ఆయన భోజనానికి వస్తుంటే పన్నెండు కొడితే సర్దార్లకు బుర్ర తిరుగుతుందన్న పాత జోకు పట్టుకుని వీధిలో ఎవడో ఒకడు, "సర్దార్జీ, పన్నెండయిందా?" అనేవాడు. ఆయన గడియారం చూసి, "ఇంక అయిదు నిమిషాలున్నది భాయ్," అని నవ్వేవాడు. పంజాబ్‌లో ఏం జరిగినా, పేపర్లో ఏం పడినా, "మీవాళ్ళకు ఏం కావాలంట సర్దార్జీ?" అని ఆయన్నే అడిగేవారు, ఆయనేదో ఆ రాష్ట్రానికి రాయబారి అయినట్టు. ఒకరోజు ఆయన దుకాణానికి అత్తాపూర్ వైపు నుంచి ఒక సిక్కు పెద్దాయన మోటరు పట్టుకొచ్చాడు. నిజాం కాలంలో పంజాబ్ నుంచి ఫౌజుగా వచ్చి ఇక్కడే ఉండిపోయినవాళ్ళ మనవడు. మాకంటే చక్కటి తెలంగాణ మాట్లాడాడట. ఆ సాయంత్రం సర్దార్జీ బాపుతో, "వాళ్ళు ఈడోళ్ళయిపోయిన్రు మాస్టర్ సాబ్. మేం ఏడోళ్ళమో సమజైతలేదు," అన్నాడు. బాపు, "మీరు మా ఇంటోళ్ళు," అన్నాడు. ఆ మాట బాపు మనసు నిండుగా అన్నాడు. అదే నన్ను ఇప్పటికీ బాధపెడుతుంది.

ఢిల్లీ నుంచి వచ్చారని మాకు తెలుసు. ఎనభై నాలుగులో ప్రధానమంత్రిని ఆమె సిక్కు అంగరక్షకులే కాల్చి చంపిన తర్వాత ఢిల్లీలో సిక్కుల ఇళ్ళ మీద పడి చంపారని పేపర్లో చదివాం, చదివి అయ్యో అనుకున్నాం. ఆ గొడవల్లో వీళ్ళకేమైందని మేము అడగలేదు. అడిగితే బాధపడతారని, వాళ్ళంతట వాళ్ళు చెబితే వినాలని అమ్మ కట్టడి. మా ఇళ్ళల్లో దాన్ని మర్యాద అంటాం. ఇప్పుడు ఆలోచిస్తే అందులో సగం పిరికితనం.

తొంభై నాలుగులో అసెంబ్లీ ఎన్నికలు వచ్చాయి. బాపు కాగితాలు పట్టుకుని అందరి ఇళ్ళూ అయ్యాక చివరికి మా మేడ ఎక్కాడు. నేనూ వెనకే ఉన్నాను. సర్దార్జీ కుర్చీ వేసి, చాయ్ ఇచ్చి, మెల్లగా, "మాస్టర్ సాబ్, మా పేర్లు రాయకండి," అన్నాడు. ఎందుకని బాపు అడిగితే, "ఊర్కెనే. ఓటు లేకుంటే ఏమైతది? వద్దు," అన్నాడు. నవ్వుతూనే అన్నాడు కానీ, బాపు తెరిచిన పెన్నుకు తనే మూత పెట్టి ఆయన జేబులో పెట్టాడు. అది నేను చూశాను.

కిందికొచ్చాక బాపు మనసు ఊరుకోలేదు. "మొహమాటపడుతున్నడు బిడ్డా. పరాయి ఊరోళ్ళు గదా, మనకు తక్లీఫ్ ఎందుకని. పేరు లేకుంటే రేపు గ్యాసు అడిగినా, రేషన్ కార్డు అడిగినా ఏం చూపిస్తడు? మనిషి ఈడ ఉన్నడని రుజువేంది?" అన్నాడు. మా వాళ్ళకు ఎవరైనా వద్దంటే రెండోసారి వడ్డించడమే తెలుసు. వద్దన్నవాడు నిజంగానే వద్దంటున్నాడని మాకు ఎప్పటికీ తట్టదు. పైగా ఊరందరి పేర్లూ ఎక్కించి, సొంత ఇంటి మేడ మీదివాళ్ళను వదిలేస్తే బాపు గొప్ప ఏం కావాలి. వివరాలు కనుక్కునే పని నాకు అప్పజెప్పాడు.

మర్నాడు సర్దార్జీ దుకాణానికి వెళ్ళాక పైకి వెళ్ళాను. బీజీ ముల్లంగి పరాఠాలు చేస్తోంది. నాకు రెండు వేసింది, పైన వెన్న ముద్ద పెట్టింది. తింటూ, మాటల్లో పెట్టి, అందరి వయసులు అడిగాను. బీజీ వేళ్ళ మీద లెక్కేసి తనకు డెబ్బై రెండని చెప్పింది. "తాతగారి పేరేంటి బీజీ?" అన్నాను. ఆమె సిగ్గుపడిపోయింది. భర్త పేరు నోటితో చెప్పకూడదట. మా నాయనమ్మ కూడా అంతే. కోడల్ని చెప్పమంది. మామ పేరు కోడలు మాత్రం ఎలా చెబుతుంది, ఆమె చున్నీ నోటికి అడ్డం పెట్టుకుని పక్క గదిలోకి పారిపోయింది. చివరికి బీజీ పీట మీది గోధుమపిండిలో వేలితో పంజాబీ అక్షరాలు రాసి చూపించింది. నాకు చదవడం రాదన్నాను. అప్పుడు నా చెవి దగ్గరికి వంగి, జీవితంలో మొదటిసారో ఏమో, మొగుడి పేరు గుసగుసగా చెప్పింది. "ఎందుకే పిల్లా నీకు?" అంది హిందీలో. "ఊరికే బీజీ," అన్నాను. కిందికొచ్చి వెన్న చేతులు కడుక్కుని మూడు పేర్లూ గుండ్రంగా రాశాను.

ఎన్నికలు దగ్గర పడ్డాయి. కార్తీకం చలి మొదలైంది. ఒక మధ్యాహ్నం నేను వరండాలో కూర్చుని బియ్యంలో రాళ్ళు ఏరుతున్నాను. సర్దార్జీ అన్నానికి వచ్చి పైనే ఉన్నాడు. పార్టీ కండువాలు వేసుకున్న పది పన్నెండు మంది పడుచువాళ్ళు వీధిలోకి వచ్చారు. ఓటరు చీటీలు పంచుతున్నారు. ఒకడి చేతిలో అచ్చువేసిన జాబితా, ఒకడి చేతిలో ఎర్ర పెన్సిలు. మా గేటు ముందు ఆగి జాబితా చూసి, "సర్దార్ ఇల్లు ఇదేనా?" అని అరిచాడు జాబితా పట్టుకున్నవాడు. తర్వాత పేర్లు గట్టిగా చదివాడు. సర్దార్జీ పేరు, ఆయన భార్య పేరు. బీజీ పేరు చదువుతూ పక్కన ఆమె భర్త పేరు కూడా చదివాడు. "మొత్తం ముగ్గురు రా, టిక్కు కొట్టు," అన్నాడు పక్కవాడితో.

నేను ఉత్సాహంగా లేచి, చేట పట్టుకునే, "ఇదే అన్నా, మీద ఉంటరు," అని వేలు పెట్టి చూపించాను.

వాళ్ళు మెట్లన్నీ దడదడలాడిస్తూ ఎక్కారు. తలుపు కొట్టారు, పిలిచారు. ఎవరూ తీయలేదు. చీటీలు తలుపు సందులో దోపి, ఏదో జోకేసుకుని నవ్వుకుంటూ దిగిపోయారు. వాళ్ళ తప్పేమీ లేదు, ఇల్లిల్లూ అలాగే ఎక్కి దిగుతున్నారు. తలుపు ఎందుకు తీయలేదా అని నేను రెండు నిమిషాలు అనుకున్నాను, తర్వాత బియ్యంలో పడ్డాను. గంట గడిచాక ఆరిన బట్టలు తేవడానికి అమ్మ పైకి వెళ్ళింది. కాసేపటికి నా పేరు పెట్టి అమ్మ పిలిచింది, అలాంటి పిలుపు అంతకుముందు ఎప్పుడూ వినలేదు.

వాళ్ళ గదుల వెనక సిమెంటు నీళ్ళ ట్యాంకు ఉండేది. దాని పక్కన మూడు జతల చెప్పులు ఉన్నాయి. రేకు మూత తీసి అమ్మ కొయ్యలా నిలబడి ఉంది. ఆ రోజు పొద్దున్నే నల్లా వచ్చింది, ట్యాంకు నిండుగా ఉంది. లోపల గొంతు దాకా నీళ్ళలో ముగ్గురూ నిలబడి ఉన్నారు. సర్దార్జీ రెండు చేతులతో తల్లిని పైకెత్తి పట్టుకుని ఉన్నాడు. బీజీ పెదవులు నీలమైపోయాయి. ఆయన భార్య తన నోరు తానే అరచేత్తో మూసుకుని ఉంది. మమ్మల్ని చూసి కూడా ఆ చెయ్యి తీయలేదు.

వాళ్ళను పైకి తీసి, దుప్పట్లు కప్పి, కుంపటి పెట్టేసరికి బాపు బడి నుంచి వచ్చాడు. సంగతి అర్థం కావడానికి ఆయనకు చాలాసేపు పట్టింది. "ఓట్ల కోసం వచ్చిన్రు సర్దార్జీ, చీటీలు ఇయ్యనీకి," అన్నాడు బతిమాలుతున్నట్టు. సర్దార్జీ తడి తలపాగా విప్పి ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. "మాలూమ్ మాస్టర్ సాబ్. తర్వాత సమజైంది. కాళ్ళు అంతకుముందే ఉరికినయ్," అన్నాడు. తల ఎత్తకుండా, "మా పేర్లు ఎవరు రాసిన్రు?" అని అడిగాడు.

"నేనే," అన్నాడు బాపు.

నేను అక్కడే ఉన్నాను. కుంపటి ఊదుతున్నాను. ఊదుతూనే ఉన్నాను.

మర్నాడు మిరియాల కషాయం పట్టుకుని బీజీ దగ్గరికి వెళ్ళాను. ఒళ్ళు కాలిపోతోంది. నన్ను మంచం అంచున కూర్చోమని, నేను అడగని సంగతి తనే చెప్పింది. ఢిల్లీలో ఆ రోజు వాళ్ళ గల్లీలోకి వచ్చినవాళ్ళ చేతుల్లో ఓటర్ల జాబితాలు, రేషన్ జాబితాలు ఉన్నాయట. ఇంటింటి ముందు ఆగి, పేర్లు చదివి, సిక్కు ఇల్లయితేనే తలుపు పగలగొట్టారట. చదివింది వాళ్ళ రేషన్ దుకాణం గుమాస్తా. పెద్దకొడుకు పేరు గట్టిగా పిలిస్తే, తెలిసిన గొంతే కదా అని వాడు బయటికి వెళ్ళాడట, మళ్ళీ లోపలికి రాలేదట. చిన్నకొడుకును, అంటే సర్దార్జీని, పక్కింటివాళ్ళు లోపలికి లాగి, జుట్టు కత్తిరించి, గడ్డం గీసి, తమ కొడుకని చెప్పి దాచారట. నీళ్ళ ట్యాంకులో ఆమె, కోడలు రెండు రోజులు ఉన్నారట. తర్వాత పదేళ్ళు ఆ జుట్టు మళ్ళీ పెంచుకున్నాడు. ఆ హత్యల మీద వేసిన విచారణ కమిషన్ ముందు నిలబడి ఆ గుమాస్తా పేరు, వాడి వెనక ఉన్న పెద్దమనిషి పేరు రెండుసార్లు చెప్పి వచ్చాడు. రెండుసార్లూ రాసుకున్నారు. ఏమీ కాలేదు.

అంతా చెప్పి బీజీ గోడ వైపు చూస్తూ, "ఆ గుమాస్తా కూడా మా ఇంట్లో రొట్టె తినేవాడు," అంది.

అంతే అంది. గోధుమపిండిలో రాసిన సంగతి ఎత్తలేదు. కొడుకుతో కూడా చెప్పలేదని నాకు తెలుసు, ఎందుకంటే ఆయన చివరిదాకా బాపు నుంచే చూపు తప్పించాడు గానీ నా నుంచి కాదు. నేను కషాయం గ్లాసు తీసుకుని దిగివచ్చాను. క్షమించమని అడగాలంటే ముందు తప్పు ఒప్పుకోవాలి. నాకు పంతొమ్మిదేళ్ళు, ఆ ధైర్యం లేదు. ఇరవై తొమ్మిదేళ్ళకు ఉండేదేమో, అప్పటికి వాళ్ళు ఈ ఇంట్లో లేరు.

బాపు బడికి సెలవు పెట్టి ఆ పేర్లు తీయించడానికి ఆఫీసుకు పోయాడు. జాబితా అచ్చయిపోయింది, మళ్ళీ సవరణలు వచ్చేదాకా ఏమీ చేయలేమన్నారు. "తీసెయ్యమంటున్నవేంది పంతులూ, అందరు ఎక్కియ్యమని వస్తరు," అని ఎవరో నవ్వారట. ఆ సాయంత్రం బాపు మా అరుగు మీద చాలాసేపు కూర్చున్నాడు. అప్పుడే సర్దార్జీ నారాయణగూడ నుంచి వచ్చాడు. మేం గుర్తుపట్టలేదు. తలపాగా లేదు. జుట్టు పొట్టిగా, చెవుల పైన తెల్లటి చర్మం కనిపించేలా కత్తిరించి ఉంది. గడ్డం లేదు. పొద్దున ఇంట్లోంచి వెళ్ళిన మనిషి కంటే చిన్నగా, ఎవరో ఒకడిలా ఉన్నాడు. బాపు నిలబడ్డాడు. ఆయన, "ఇగ ఫికర్ లేదు మాస్టర్ సాబ్," అని మెట్లెక్కి పోయాడు. పై నుంచి ఏడుపు వినిపిస్తుందేమోనని మేం ముగ్గురం కింద నిలబడి ఎదురుచూశాం. ఏమీ వినిపించలేదు. మొదటిసారి ఆ జుట్టు తీసింది ప్రాణం కాపాడాలనుకున్న పక్కింటివాళ్ళు. రెండోసారి ఆయనే క్షౌరశాలకు నడిచి వెళ్ళి తీయించుకున్నాడు. ఆయన్ని అక్కడిదాకా నడిపించింది మేము, ఏ శత్రుత్వమూ లేని మేము.

ఎన్నికలకు మూడు రోజుల ముందు ఇల్లు ఖాళీ చేశారు. దుకాణం ఎవరికో అప్పజెప్పారు. ఎక్కడికని అమ్మ అడిగితే, సర్దార్జీ చేతులు జోడించి, "రాసుకోవద్దు బెహన్జీ," అన్నాడు. ఆటో ఎక్కేముందు బీజీ నా తల మీద చెయ్యి పెట్టింది. ఆ చెయ్యి బరువు నేను ఇంతవరకూ దించుకోలేదు.

బాపు ఆ తర్వాత ఓటర్ల లిస్టు డ్యూటీకి నడుం నొప్పి అని సర్టిఫికెట్ పెట్టడం మొదలుపెట్టాడు. సవరణల కాలం వచ్చిన ప్రతిసారీ, ఆ మూడు పేర్లు తీయించమని నేను గుర్తుచేసేదాన్ని. "తీద్దాం బిడ్డా, ఒకవేళ వాపస్ వస్తే?" అనేవాడు. కొట్టేయడానికి ఆయనకు చెయ్యి రాలేదు. ఆయన పోయాక నాకూ రాలేదు.

ఇదంతా మెట్టు మీద కూర్చుని నేను తలుచుకుంటుంటే ఆ కుర్రాడు ఓపికగా నిలబడ్డాడు. "చనిపోయిన్రా, ఇల్లు మారిన్రా మేడం? రెండిట్ల ఒకటి రాయాలె," అన్నాడు. తెలియదన్నాను. తెలియదని రాయడానికి గడి లేదన్నాడు. చివరికి తనే ఇల్లు మారారని రాసి, నన్ను సంతకం పెట్టమన్నాడు. పెట్టాను. నా అక్షరాలు ఇంకా గుండ్రంగానే ఉన్నాయి. వాళ్ళను అడగకుండా రాశాం, అడగకుండానే కొట్టేశాం. అవ్వకు శాలువ కప్పే అదృష్టం పోయిందని ఆ అబ్బాయి కాస్త నిరాశగా పక్కింటికి వెళ్ళిపోయాడు. బీజీ ఎక్కడ కన్నుమూసిందో, ఎప్పుడు కన్నుమూసిందో నాకు తెలియదు. పేరు రాయవద్దని కొడుకు వేడుకున్న ఆ ఒక్క చోట మాత్రం, నా చేతిరాత పుణ్యమా అని, ఏటా ఒక ఏడు పెరుగుతూ పోయిన వారం దాకా బతికే ఉంది.